చెరువు తవ్విన వాళ్ళ పేర్లేవి?



ఈ పాఠాన్ని కొన్ని ప్రశ్నలతో మొదలుపెడదాం. మీ ఊరికి ఆ పేరు ఎలా వచ్చింది? మీ ఊరి చెరువు ఎవరు తవ్వించారు? ఎవరు తవ్వారు?

తవ్వించడం వేరు. తవ్వడం వేరు. ఈ తేడా గురించే ఈ పాఠం.

అత్తా కోడళ్ళ మాట

రాయలసీమలో ఒక పల్లె. ఆ ఇంటి కోడలు రాత్రి బడికి పోయి చదువు నేర్చుకుంది. అత్తకు చదువు రాదు. ఒకనాడు అన్నాలు తిన్నాక కోడలు పుస్తకం తీసింది. అత్త మంచం మీద కూర్చుని వక్కలు కత్తిరిస్తోంది.

"ఏం చదువుతాండావు పాపా?" అని అడిగింది అత్త.

"పోరుమామిళ్ళ చెరువు గురించి రాసినారు అత్తా. మన కడప సీమలో చెరువే. ఆరున్నర వందల ఏండ్ల కిందట తవ్వించినారంట. 1369లో రాతి మీద రాసి పెట్టినారు. విజయనగరం రాజు బుక్కరాయల కొడుకు భాస్కరుడు తవ్వించినాడంట."

"ఆ రాతి మీద ఇంకేముంది?"

"రోజుకు వెయ్యి మంది కూలోళ్ళు పని చేసినారంట. నూరు బండ్లు రాయి తోలినాయంట. రెండేండ్లు పట్టిందంట."

అత్త చేతిలో అడకత్తెర ఆగింది.

"వెయ్యి మందా! వాళ్ళ పేర్లు రాసినారా?"

కోడలు పుట తిప్పి చూసింది. "లేదత్తా. తవ్వించినాయన పేరుంది. ఆయన తండ్రి పేరుంది. మంచి చెరువుకు ఏమేం ఉండాల్నో పన్నెండు సంగతులు రాసినారు. చెరువుకు ఉండగూడని దోషాలు ఆరు రాసినారు. మట్టి మోసినోళ్ళ పేర్లు లేవు."

అత్త కాసేపు మాట్లాడలేదు. తర్వాత మెల్లగా అంది. "మా యమ్మ గూడా మన చెరువు కట్టకు మట్టి మోసింది పాపా. కరువు పనుల్లో. నేను చంటిబిడ్డను. నన్ను చెట్టుకు ఉయ్యాల గట్టి పండేసి, తట్ట ఎత్తుకునేదంట. ఆ సంగతి యాడన్నా రాసినారా?"

కోడలికి జవాబు దొరకలేదు.

మనం వెతుకుదాం. మన ఊళ్ళ కథలు ఎవరు రాశారు? ఎక్కడ రాశారు? వాటిలో ఎవరున్నారు? ఎవరు లేరు?

రాయి చెప్పే కథ

తాటాకు చిరుగుతుంది. చెదలు పడుతుంది. అందుకని పూర్వం ముఖ్యమైన సంగతులు రాతి మీద చెక్కించేవారు. రాగి రేకుల మీద రాయించేవారు. వాటిని శాసనాలు అంటారు. గుడికి భూమి ఇచ్చినా, చెరువు తవ్వించినా, పన్ను తగ్గించినా శాసనం వేయించేవారు.

తెలుగులో రాసిన పాత శాసనాల్లో ఒకటి కడప సీమలోని కలమళ్ళ ఊళ్ళో దొరికింది. అది రేనాటి చోళ రాజుల కాలానిది. సుమారు 575 నాటిది. అంటే దాదాపు పద్నాలుగున్నర వందల ఏళ్ళ కిందటే మన మాటను రాతి మీద రాశారు.

ఒక చిన్న ఊరి రాయి పెద్ద చరిత్రను మార్చగలదు. రాణి రుద్రమదేవి పేరు మీరు విన్నారు కదా! ఓరుగల్లును ఏలిన కాకతీయ రాణి. ఆమె ఎప్పుడు చనిపోయిందో చాలాకాలం సరిగా తెలియలేదు. నల్గొండ ప్రాంతంలో చందుపట్ల అనే ఊరుంది. అక్కడ ఒక శాసనం దొరికింది. పువ్వుల ముమ్మడి అనే ఆయన దాన్ని వేయించాడు. రుద్రమదేవికి, ఆమె సేనాని మల్లికార్జున నాయకుడికి పుణ్యం కలగాలని గుడికి భూమి ఇచ్చినట్టు అందులో ఉంది. వాళ్ళిద్దరూ శివుడిలో కలిసిపోయారని ఉంది. ఆ శాసనం 1289 నాటిది. దాన్ని చదివాక రాణి 1289లో చనిపోయిందని తెలిసింది. పుస్తకాల్లో అంతకు ముందు వేరే ఏడు రాసి ఉండేది. ఒక పల్లెలోని రాయి దాన్ని సరిదిద్దింది.

ఇంకొక రాయి సంగతి చూడండి. ఇప్పటి మహబూబాబాద్ జిల్లాలో బయ్యారం చెరువు ఉంది. దాన్ని తవ్వించింది ఒక ఆడమనిషి. ఆమె పేరు మైలాంబ. కాకతీయ రాజు గణపతిదేవుడికి ఆమె తోబుట్టువు. ఆమె వేయించిన చెరువు శాసనంలో కాకతీయుల పూర్వీకుల పేర్లు వరుసగా ఉన్నాయి. ఆ వంశం ఎక్కడ మొదలైందో తెలుసుకోవడానికి చరిత్రకారులు నేటికీ ఆ శాసనం చూస్తారు.

చూశారా! ఆడవాళ్ళ పేర్లు శాసనాల్లో లేకపోలేదు. కాని ఉన్నవాళ్ళు రాణులు, రాజుల అక్కచెల్లెళ్ళు, భూములున్న ఇళ్ళవాళ్ళు. రాయి చెక్కించడానికి డబ్బు కావాలి. డబ్బున్నవాళ్ళ పేరే రాయికి ఎక్కింది.

కరణం చెప్పిన కథ

రాళ్ళ తర్వాత కాగితాల కాలం వచ్చింది. ఊరి లెక్కలు కరణం దగ్గర ఉండేవి. ఆ లెక్కల కట్టలను కవిలెలు అనేవారు.

సుమారు రెండు వందల ఏళ్ళ కిందట కాలిన్ మెకంజీ అనే దొర మన సీమకు వచ్చాడు. ఆయన పని భూములు కొలిచి పటాలు గీయడం. కాని ఆయనకు పాత సంగతులంటే చాలా ఇష్టం. ఏ ఊరి కథ ఆ ఊళ్ళో అడిగి రాయించాలనుకున్నాడు. అయితే ఆయనకు మన భాషలు రావు. మరి ఎవరు చేశారు ఆ పని?

ఏలూరికి చెందిన కావలి అన్నదమ్ములు చేశారు. మొదట కావలి వెంకట బొర్రయ్య ఈ పని చూశాడు. ఆయనకు చాలా భాషలు వచ్చు. పాత శాసనాల లిపి చదవడం నేర్చుకున్నాడు. ఆయన 1803లో చిన్న వయసులోనే చనిపోయాడు. తర్వాత ఆయన తమ్ముడు లక్ష్మయ్య ఆ పని సాగించాడు. వాళ్ళ కింద పనిచేసేవాళ్ళు ఊరూరా తిరిగారు. కరణాలను అడిగారు. పెద్దవాళ్ళను అడిగారు. ఊరికి పేరెలా వచ్చింది? అడవి ఎవరు కొట్టారు? గుడి ఎవరు కట్టారు? చెరువులెన్ని? ఏ దొరల కింద ఎంతకాలం ఉంది? ఇవన్నీ రాసుకున్నారు.

ఇలా రాసిన ఊరి కథలను కైఫీయతులు అంటారు. మెకంజీ 1821లో చనిపోయాడు. తర్వాత ఆ కాగితాలు కొన్ని పాడవుతూ వచ్చాయి. అప్పుడు సి.పి. బ్రౌన్ దొర వాటికి మళ్ళీ నకళ్ళు రాయించాడు. వేమన పద్యాలను వెతికి అచ్చు వేయించింది ఈ బ్రౌన్ దొరే. తర్వాత కాలంలో చాలా కైఫీయతులు పుస్తకాలుగా అచ్చయ్యాయి. కడప సీమ ఊళ్ళ కైఫీయతులు కూడా అచ్చయ్యాయి. మీ ఊరి పేరు వాటిలో ఉండవచ్చు.

అయితే కైఫీయతులో ఉన్నదంతా నిజమేనా? కాదు. విన్న కథలు కూడా అందులో కలిసి ఉంటాయి. ఊరికి పేరొచ్చిన కథల్లో చాలా వాటికి వేరే ఆధారం ఉండదు. పైగా చెప్పింది ఎక్కువగా కరణాలు. వాళ్ళకు ముఖ్యమైనవి భూమి, పన్ను, మాన్యం. నాట్లు వేసినవాళ్ళు, కలుపు తీసినవాళ్ళు, బిడ్డల్ని కన్నవాళ్ళు, మంత్రసానులు ఆ లెక్కలోకి రాలేదు.

తిండీ బట్టా కూడా చరిత్రే

చిలుకూరి వీరభద్రరావు 'ఆంధ్రుల చరిత్రము' రాశారు. దాని మొదటి భాగం 1910లో వచ్చింది. తెలుగువాళ్ళ చరిత్రను తెలుగులో చదువుకునే వీలు కలిగింది. అలాంటి పుస్తకాల్లో రాజుల సంగతే ఎక్కువ. ఎవరు ఎవరిని గెలిచారు, ఎంతకాలం ఏలారు అన్నదే ఎక్కువ.

సురవరం ప్రతాపరెడ్డి ఇంకొక విధంగా ఆలోచించారు. ఆయనది పాలమూరు సీమ. రాజుల యుద్ధాలు సరే, మామూలు జనం ఎలా బతికారు? ఏం తిన్నారు? ఏం కట్టుకున్నారు? ఏ ఆటలు ఆడారు? ఏ పండుగలు చేశారు? ఇవి చరిత్ర కాదా అని అడిగారు. పాత కావ్యాలు, శాసనాలు వెతికి 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర' రాశారు. అది 1949లో అచ్చయింది. 1955లో దానికి కేంద్ర సాహిత్య అకాడమీ బహుమతి వచ్చింది. అప్పటికి ఆయన లేరు. 1953లోనే కన్నుమూశారు.

ఆయన చేసిన ఇంకొక పని కూడా చెప్పుకోవాలి. తెలంగాణలో కవులు లేరని ఒకాయన రాశాడు. ప్రతాపరెడ్డి ఊరుకోలేదు. ఊరూరికీ కబురు పంపారు. కవుల వివరాలు, పద్యాలు పంపమన్నారు. 354 మంది కవులను పోగుచేసి 1934లో 'గోలకొండ కవుల సంచిక' అచ్చు వేశారు. లేరన్న మాటకు అదే జవాబు.

దీని నుంచి మనం ఏం నేర్చుకోవాలి? రాయకపోతే లేరనే అంటారు. పేరు పేరునా రాసి పెడితే కాదనలేరు.

రాత నేర్చిన ఆడమనిషి

మన ఆడవాళ్ళ గురించి ఎవరు రాశారు? భండారు అచ్చమాంబ రాసింది.

ఆమె 1874లో కృష్ణా ప్రాంతంలోని పెనుగంచిప్రోలులో పుట్టింది. చిన్నతనంలోనే పెళ్ళి చేశారు. బడికి పంపలేదు. ఆమె తమ్ముడు కొమర్రాజు లక్ష్మణరావు ఆమె ఇంట్లో ఉండి చదువుకున్నాడు. తమ్ముడి పక్కన కూర్చుని అక్క కూడా నేర్చుకుంది. అంటే ఆమె కూడా మనలాగే ఇంట్లో పని చేసుకుంటూ, పెళ్ళయ్యాక చదువు నేర్చినది!

నేర్చి ఊరుకోలేదు. ఆడవాళ్ళకు తెలివి లేదు, బలం లేదు అనే మాట తప్పని చూపాలనుకుంది. మన దేశంలో పేరు పొందిన స్త్రీల కథలు పోగుచేసింది. పుస్తకాలు చదివింది. తెలిసినవాళ్ళను అడిగింది. 'అబలా సచ్చరిత్ర రత్నమాల' అనే పుస్తకం రాసింది. దాని మొదటి భాగం 1901లో వచ్చింది. ఊళ్ళకు పోయి ఆడవాళ్ళ సమాజాలు పెట్టించింది. 1905లో ముప్పై ఏళ్ళ వయసులోనే చనిపోయింది.

మట్టి మోసిన చేతుల కథ

అచ్చమాంబ పేరున్న స్త్రీల గురించి రాసింది. పేరు లేనివాళ్ళ మాటేమిటి?

1946 నుంచి 1951 వరకు తెలంగాణలో రైతుల పోరాటం జరిగింది. దొరల వెట్టికి ఎదురు తిరిగారు. భూమి కోసం కొట్లాడారు. ఆ పోరాటంలో ఆడవాళ్ళు చాలామంది ఉన్నారు. పాలకుర్తి చిట్యాల ఐలమ్మ పేరు మీరు వినే ఉంటారు. ఆమె చాకలి ఇంటి మనిషి. కౌలుకు పట్టిన పొలంలో పంట పండించింది. విసునూరు దొర ఆ పంటను లాక్కోబోయాడు. ఆమె ఇవ్వలేదు. సంఘం వాళ్ళు తోడు వచ్చారు. పంట ఐలమ్మ ఇంటికే చేరింది.

పోరాటం మీద పుస్తకాలు చాలా వచ్చాయి. వాటిలో ఆడవాళ్ళ మాట తక్కువ. అప్పుడు హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటన వాళ్ళు ఒక పని చేశారు. టేపు రికార్డరు పట్టుకుని ఆ స్త్రీల దగ్గరకే వెళ్ళారు. మీరే చెప్పండమ్మా అన్నారు. వాళ్ళు చెప్పింది చెప్పినట్టు, వాళ్ళ మాటల్లోనే రాశారు. ఆ పుస్తకం 1986లో వచ్చింది. దాని పేరు 'మనకు తెలియని మన చరిత్ర'. అందులో ఐలమ్మ మాట కూడా ఉంది. ఐలమ్మ 1985లో చనిపోయింది. ముందే వెళ్ళి అడిగారు కాబట్టి ఆమె మాట మనకు మిగిలింది. ఇంకొన్నాళ్ళు ఆలస్యం చేసి ఉంటే?

నెల్లూరు సీమలోని దూబగుంట కూడా గుర్తు చేసుకుందాం. అక్కడి ఆడవాళ్ళు మనలాగే రాత్రి బడిలో చదివారు. చదువు పుస్తకంలో సారా గురించిన పాఠం వచ్చింది. అది తమ కథే అనుకున్నారు. 1992లో ఊళ్ళో సారా అంగడి మూయించారు. ఆ మంట ఊరూరికీ పాకింది. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతటా సారాను నిషేధించారు. రోశమ్మ పేరు అందరికీ తెలిసింది. ఆమె వెంట నడిచిన వాళ్ళందరి పేర్లు ఎంతమందికి తెలుసు?

మన ఊరి పుస్తకం మనమే రాద్దాం

ఇక మన పని. నోటు పుస్తకం ఒకటి, పెన్ను ఒకటి చాలు. నలుగురు కలిస్తే ఇంకా మంచిది. ఇలా చేయండి.

ఒకటి. ఊళ్ళో బాగా పెద్ద వయసు వాళ్ళ దగ్గరకు ముందు పోండి. అన్ని వాడలకూ పోండి. పెద్దిళ్ళలో ఒక కథ ఉంటుంది. ఊరి చివరి గుడిసెలో ఇంకొక కథ ఉంటుంది. రెండూ రాయండి. ఒకరి మాట వినకుండా ఇంకొకరి మాట నిజమని తేల్చకండి.

రెండు. చెప్పినవారి పేరు, వయసు, మీరు రాసిన తేదీ తప్పకుండా రాయండి. పేరు రాసే ముందు వారిని అడగండి. ఇష్టం లేదంటే రాయకండి.

మూడు. అవ్వలకు ఏడాది గుర్తుండదు. అందరికీ తెలిసిన సంగతితో కలిపి అడగండి. గాంధీ గారు చనిపోయినప్పుడు నీకు పెళ్ళయిందా? అది 1948 జనవరి. కర్నూలు రాజధాని అయినప్పుడా? అది 1953 అక్టోబరు. దివిసీమ ఉప్పెన అప్పుడా? అది 1977 నవంబరు. ఇలా అడిగితే ఏడు దగ్గరగా తెలుస్తుంది.

నాలుగు. ఊరి పేరు చివరి మాట చూడండి. కుంట, చెరువు, సముద్రం అని ఉంటే నీటి సంగతి. అనంతపురం దగ్గర బుక్కరాయసముద్రం ఉంది. అక్కడ సముద్రం లేదు. పెద్ద చెరువు ఉంది. అగ్రహారం అంటే బ్రాహ్మణులకు దానంగా ఇచ్చిన ఊరు.

ఐదు. పాత రాతి మీద అక్షరాలు కనబడితే దాని మీద బట్టలు ఉతకకండి. సున్నం, రంగు పూయకండి. మెట్టుగా వాడకండి. పురావస్తు శాఖకు కబురు చేయండి. వాళ్ళు తడి కాగితాన్ని రాతి మీద పరిచి, సిరా అద్ది అచ్చు తీస్తారు. రాయికి ఏమీ కాదు. మాట బయటికి వస్తుంది.

ఆరు. కళ్ళారా చూసింది వేరుగా రాయండి. విన్నది వేరుగా రాయండి. కైఫీయతు చదివినప్పుడు మనకు వచ్చిన ఇబ్బంది, రేపు మన పుస్తకం చదివేవాళ్ళకు రాకూడదు.

కోడలు ఏం చేసింది?

మరునాడు రాత్రి కోడలు కొత్త నోటు పుస్తకం తెరిచింది.

"అత్తా, మీ యమ్మ పేరేంది?"

అత్త వెంటనే చెప్పలేకపోయింది. "అందరూ పెద్దకోడలా అనే పిలిచేటోళ్ళు. పేరుతో ఎవురు పిలిచినారు?" అంది. కాసేపు ఆలోచించింది. తర్వాత పేరు చెప్పింది.

కోడలు రాసింది. రాసింది చదివి వినిపించింది. "ఈమె మన చెరువు కట్టకు మట్టి మోసింది. బిడ్డను వేపచెట్టుకు ఉయ్యాల కట్టి పనిచేసింది."

"వేపచెట్టు గాదు పాపా" అంది అత్త. "చింతచెట్టు. ఇప్పటికీ ఉండాది కట్ట మీద. మా యమ్మే చూపించింది నాకు."

కోడలు వేపచెట్టు కొట్టేసింది. చింతచెట్టు అని రాసింది.

"ఇంకొకసారి చదువు" అంది అత్త. కోడలు మళ్ళీ చదివింది. అత్త తల్లి పేరు వచ్చినచోట ఆపమంది. ఆ అక్షరాల మీద వేలు పెట్టి చూసింది.

"ఆమెతో మట్టి మోసినోళ్ళు ఇంకా ఎవరెవరు అత్తా?"

"రాసుకో. చెప్తా."

కొత్త మాటలు

శాసనం: రాతి మీద, రాగి రేకు మీద చెక్కిన రాత.
కరణం: పూర్వం ఊరి భూమి, పన్ను లెక్కలు రాసినవాడు.
కవిలె: కరణం లెక్కల కట్ట.
కైఫీయతు: ఊరివాళ్ళను అడిగి రాసిన ఊరి కథ.
నకలు: ఉన్నదాన్ని చూసి ఉన్నట్టే రాసిన ఇంకొక ప్రతి.

ఆలోచించండి, మాట్లాడుకోండి

1. పోరుమామిళ్ళ శాసనంలో ఎవరి పేర్లు ఉన్నాయి? ఎవరి పేర్లు లేవు? ఎందుకు?
2. చందుపట్ల రాయి వల్ల మనకు కొత్తగా ఏం తెలిసింది?
3. మీ ఊరి కథ కరణం చెబితే ఎలా ఉంటుంది? మంత్రసాని చెబితే ఎలా ఉంటుంది?

చేసి చూడండి

1. మీ అమ్మ పేరు, అమ్మమ్మ పేరు, అమ్మమ్మ తల్లి పేరు రాయండి. తెలియకపోతే ఈ వారంలో అడిగి తెలుసుకోండి.
2. మీ ఊరి చెరువు, బావి, బడి, రోడ్డు వీటిలో ఒకదాన్ని తీసుకోండి. దానికి కూలి చేసిన వాళ్ళలో ఐదుగురి పేర్లు కనుక్కుని రాయండి.
3. దగ్గరి గ్రంథాలయానికి పోయి, మీ జిల్లా చరిత్ర పుస్తకం ఉందేమో అడగండి. అందులో మీ ఊరి పేరు వెతకండి.